తీరికను అమ్మిన చిత్రాలు

ఇల్లు చూచి ఇల్లాలిని చూడమని మన పెద్దలు ఒక సామెత చెప్పారు. గచ్చు మీద మరక ఉన్నా, గిన్నెకు మసి అంటుకొని ఉన్నా ఆ లోపం ఇల్లాలిదే గాని ఇంటిల్లిపాదిదీ కాదన్న తీర్పు ఆ సామెతలో ఇమిడి ఉన్నది. ఇటువంటి తీర్పు మన దేశానికే చెల్లినదని ఎవరైనా భావిస్తే, వారు గత శతాబ్ది మధ్యకాలంలో అమెరికా కంపెనీలు గృహిణుల కొరకు తీయించిన ప్రకటన చిత్రాలను ఒకసారి చూడవలెను. ఆ సామెతలోని భావాన్నే పెట్టుబడిగా పెట్టి అక్కడి వర్తకులు ఎంత పెద్ద వ్యాపారం సాగించారో అవి తేటతెల్లం చేస్తున్నవి.

పాతబడి పారవేతకు సిద్ధమైన ఇటువంటి చిత్రాలను రిక్ ప్రెలింగర్ అనే ఆయన 1980 దశకం నుంచి వేలసంఖ్యలో సేకరించి కాపాడారు. 2002లో ఆ భాండాగారాన్ని అమెరికా జాతీయ గ్రంథాలయమైన లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ స్వీకరించింది. వాటిలో అనేకం నేడు ఇంటర్నెట్టులో ఎవరైనా ఉచితంగా చూడవచ్చు. చూచినవారు సామాన్యంగా నవ్వుకుంటున్నారు. నవ్వదగిన ఘట్టాలకు వాటిలో కొదవ లేదు. అయినా నవ్వి ఊరుకుంటే మనం ఒక మంచి పాఠాన్ని పోగొట్టుకున్నవారమవుతాము.

ఇవి నేడు మనం దూరదర్శినిలో చూచే అరనిమిషపు ప్రకటనల వంటివి కావు. పది నిమిషాల నుంచి గంట వరకు సాగే చిత్రాలు. వాటిలో కథ ఉన్నది, సంగీతం ఉన్నది, పేరున్న నటీనటులు ఉన్నారు. సరుకు పేరు పదే పదే వల్లించే పద్ధతి తక్కువ. డెట్రాయిట్ నగరంలోని జామ్ హ్యాండీ సంస్థ వంటివి ఇటువంటి చిత్రాల నిర్మాణాన్ని ఒక పరిశ్రమగా నడిపినవి. మహిళా సంఘాలలో, క్లబ్బులలో, చర్చి సమావేశాలలో, కార్యక్రమాలు చాలక ఖాళీ సమయం మిగిలిన టెలివిజన్ కేంద్రాలలో ఇవి ప్రదర్శితమైనవి. వీటికి మరొక ముఖ్యమైన ప్రదర్శనశాల పాఠశాల. 16 మిల్లీమీటర్ల రీళ్లను కంపెనీలు బడులకు ఉచితంగా పంపేవి. తిరిగి పంపే తపాలా ఖర్చు భరిస్తే చాలు. గృహవిజ్ఞానం చదువుకునే బాలికలు పాఠం పేరిట వాటిని చూచేవారు. బడికి ఖర్చు లేదు, కంపెనీకి ప్రేక్షకుల కరవు లేదు. అధ్యాపకలోకం ఈ విషయాన్ని ప్రత్యేకంగా గుర్తుంచుకోవలసి ఉన్నది.

ఈ చిత్రాలకు ముందు నడిచిన పెద్ద చిత్రం 1939 నాటిది. ఆ సంవత్సరం న్యూయార్కులో జరిగిన ప్రపంచ ప్రదర్శన కొరకు వెస్టింగ్‌హౌస్ విద్యుత్ పరికరాల కంపెనీ మిడిల్టన్ అనే కుటుంబం కథను రంగుల చిత్రంగా తీయించింది. అందులో ఒక పోటీ ఉన్నది. వేదిక మీద ఇద్దరు స్త్రీలు ఎంగిలి పళ్లాలు కడుగుతారు. ఒకామె పేరు మిసెస్ మోడరన్. ఆమెకు కంపెనీవారి గిన్నెలు కడిగే యంత్రం ఉన్నది. రెండవ ఆమె పేరు మిసెస్ డ్రడ్జ్; మన మాటలో చెప్పాలంటే చాకిరమ్మ. యంత్రం గల ఆమె చెదరని ముస్తాబుతో నిలబడి ఉండగా, చాకిరమ్మ నీళ్లలో తడిసి, జుట్టు రేగి, అలసి సొలసి ఓడిపోతుంది. చుట్టూ చేరిన జనం వినోదిస్తారు. చాకిరీ చేసే మనిషికి చాకిరీయే పేరుగా పెట్టి, ఆమెను చూచి నవ్వించి, ఆమెవలె ఉండకూడదన్న సిగ్గును ప్రేక్షకురాలిలో పుట్టించడం ఈ పోటీలోని కిటుకు. ఆ పళ్లాలలో తిన్నవారు ఎవరు, వారు ఎక్కడ ఉన్నారు అన్న ప్రశ్న ఎవరికీ తట్టదు.

1945లో యుద్ధం ముగిసింది. ట్యాంకులు, విమానాలు తయారుచేసిన కర్మాగారాలు తిరిగి ఇంటి సామగ్రి వైపు మళ్లినవి. యుద్ధకాలంలో ఫ్యాక్టరీలలో పనిచేసిన స్త్రీలలో చాలామందిని ఇంటికి సాగనంపారు. నగరాల వెలుపల కొత్త కాలనీలు పుట్టుకొచ్చినవి. 1947లో న్యూయార్కు సమీపాన మొదలైన లెవిట్‌టౌన్‌లో ఒకే అచ్చులో పోసినట్లు వేలాది ఇళ్లు లేచినవి. పొయ్యి, రిఫ్రిజిరేటరు, బట్టలుతికే యంత్రం ఇంటితోపాటే వచ్చే కాలమది. విద్యుత్తు అమ్మేవారు, గ్యాసు అమ్మేవారు, టెలిఫోను కంపెనీవారు, మోటారు కార్లవారు అందరూ వంటింటి గుమ్మం ముందు బారులు తీరారు. 1952లో విద్యుత్ కంపెనీల సంఘమైన ఎడిసన్ ఎలక్ట్రిక్ ఇన్‌స్టిట్యూట్ తీయించిన 'యంగ్ మాన్స్ ఫ్యాన్సీ' అనే చిత్రంలో, శ్రమను క్షణాలతో కొలిచే శాస్త్రం మీద మక్కువగల ఒక యువకుని హృదయాన్ని ఆకట్టుకోవడానికి ఒక అమ్మాయికి వాళ్ల ఇంటి విద్యుత్ వంటిల్లు తోడ్పడుతుంది. కన్యాశుల్కం, వరశుల్కం ఎరిగిన మనకు ఈ విద్యుత్ శుల్కం కొంత వింతగా తోచవచ్చు.

ఈ చిత్రాలలో అత్యంత నిజాయితీ గలదీ, అత్యంత మోసకరమైనదీ కూడా 1955 నాటి 'ఎ వర్డ్ టు ది వైవ్స్' అని మా అభిప్రాయం. అమెరికన్ గ్యాస్ అసోసియేషనూ, ఒక మహిళా పత్రికా కలిసి దీనిని తీయించినవి. నార్మన్ లాయిడ్ దర్శకుడు. మార్షా హంట్, డారెన్ మెక్‌గావిన్ నటించారు. కథ చిన్నది. ఒక గృహిణికి పాతకాలపు వంటిల్లు ఉన్నది. అందులో పనిచేయలేక విసిగిపోయింది. స్నేహితురాలికి కొత్త వంటిల్లు ఉన్నది. భర్తకు ఎంత చెప్పినా తలకెక్కదు. అప్పుడు స్నేహితురాలు ఒక ఉపాయం చెబుతుంది. ఆ ఉపాయం ప్రకారం ఈమె ఇల్లు భర్తకు అప్పగించి వెళ్తుంది. అతడు ఆ వంటింట్లో నానా అగచాట్లూ పడి, భార్య కష్టం ఎటువంటిదో అనుభవంతో తెలుసుకుంటాడు. ఆమెకు కొత్త వంటిల్లు సిద్ధిస్తుంది.

పాఠకులు ఇక్కడ ఒక క్షణం ఆగవలెను. వంటపని కష్టమన్న సంగతి ఆ పని చేస్తే తప్ప మగవానికి తెలియదని ఈ చిత్రం ఒప్పుకున్నది. ఇది గొప్ప సత్యం. ఆ కాలపు పెద్ద చిత్రాలలో సైతం ఇంత సూటిగా చెప్పినవి అరుదు. చేసి తెలుసుకున్న తరువాత అతడు ఏమి చేయవలెను? 'ఈ పని ఇద్దరమూ చేద్దాము' అనవలెను. కథ న్యాయంగా నడిస్తే చేరవలసిన చోటు అదే. ఆ మలుపు దగ్గరకు వచ్చి చిత్రం మరొక దారి పట్టింది. అతడు సంచి తెరిచాడు, వంటిల్లు మారింది, అందులో నిలబడే మనిషి మారలేదు. పని పంచుకుంటే గ్యాసు కంపెనీకి లాభమేమిటి? కనుక సత్యాన్ని సగం చెప్పి, మిగిలిన సగం స్థానంలో సరుకును నిలబెట్టారు. అబద్ధమాడేవానిని పసిగట్టడం సులభం. సగం నిజం చెప్పేవానిని పసిగట్టడానికి చదువు కావలసి ఉంటుంది.

ఆ మరుసటి సంవత్సరం, 1956లో, జనరల్ మోటార్స్ కంపెనీ 'డిజైన్ ఫర్ డ్రీమింగ్' అనే సంగీతనృత్య చిత్రం తీయించింది. తమ మోటారు కార్ల ప్రదర్శన కొరకు తీయించిన చిత్రమిది. నిద్రిస్తున్న యువతి దగ్గరకు ముసుగు ధరించిన ఒక పురుషుడు వచ్చి, న్యూయార్కులోని వాల్డార్ఫ్ అస్టోరియా హోటలులో జరుగుతున్న ఆ ప్రదర్శనకు ఆమెను తీసుకుపోతాడు. కొత్త కార్లు, కొత్త దుస్తులు చూచి ఆమె పరవశిస్తుంది. ఇంతలో ఆమె నడుముకు ఏప్రను చేరుతుంది. తాను నిలిచినది ఫ్రిజిడేర్ వారి భవిష్యత్తు వంటింట్లో. ఫ్రిజిడేర్ అప్పుడు జనరల్ మోటార్స్ సొత్తే. చివరకు వంటింట్లోకే వచ్చి పడ్డానే అని ఆమె చమత్కారంగా విసుక్కుంటుంది. అయితే ఇది సామాన్యమైన వంటిల్లు కాదు. వంటకం పేరుగల కార్డును యంత్రంలో ఉంచితే చాలు, కేకు దానంతట అదే తయారవుతుంది. ఆ వ్యవధిలో ఆమె టెన్నిసు ఆడుతుంది, గోల్ఫు ఆడుతుంది, ఎండలో సేద తీరుతుంది. తిరిగి వచ్చేసరికి కొవ్వొత్తులతో సహా కేకు సిద్ధం.

గమనించినారా? ఆమె విసుగును చిత్రం దాచలేదు. స్త్రీకి ఆటలు కావాలనీ, ఆరుబయలు కావాలనీ, తనకంటూ కొంత పొద్దు కావాలనీ కంపెనీవారికి బాగా తెలుసు. వారు యంత్రం అమ్మడం లేదు. యంత్రం పేరిట తీరికను అమ్ముతున్నారు. కేకు ఎవరు తింటారో తెలియదు గాని, దానిని చేయవలసినది ఆమెయేనన్న సంగతిలో మాత్రం సందేహం లేదు. అద్భుతాలన్నీ జరిగే ఆ రేపటి లోకంలో సైతం, వంటింట్లోకి కార్డు పట్టుకొని వచ్చే మగవాణ్ణి చిత్రకారులు ఊహించలేకపోయారు. తానే నడిచే కారును ఊహించగలిగిన బుద్ధికి ఇది అందకపోవడం ఆలోచింపదగిన విషయం.

ఆ ఏడాదే బెల్ టెలిఫోను సంస్థ తీయించిన 'వన్స్ అపాన్ ఎ హనీమూన్' చిత్రం ఇదే బాణీలో నడుస్తుంది. కొత్త దంపతుల మధుయాత్ర భర్త పని వలన ఆగిపోతుంది. ఒక దేవదూత సాయానికి దిగివస్తాడు. భార్య కోరికల పాటలో పాత వంటిల్లు కొత్త రూపు దాలుస్తుంది. గదికొక రంగు, ఆ రంగుకు తగిన టెలిఫోను. ఆ రోజులలో అక్కడ టెలిఫోను కొనుక్కునేది కాదు, కంపెనీకి నెలనెలా అద్దె చెల్లించేది. గదికొక ఫోను కావాలన్న కల గదికొక అద్దెగా పరిణమిస్తుంది. దేవదూత ఈ లెక్క చెప్పడు.

ఈ చిత్రాలలో కనిపించేవారిని గురించి ఇంత చెప్పుకున్నాము. కనిపించనివారిని గురించి కూడా చెప్పుకోవలెను. 1950 నాటికే అమెరికా స్త్రీలలో మూడవ వంతు మంది ఉద్యోగాలు చేస్తున్నారు. పగలంతా దుకాణంలోనో కార్యాలయంలోనో పనిచేసి సాయంత్రం పొయ్యి వెలిగించే స్త్రీకి ఈ చిత్రాలలో చోటు లేదు. ఉద్యోగం చేసే నల్లజాతి స్త్రీలలో పెద్ద భాగం ఆనాడు ఇతరుల ఇళ్లలో వంటచేసి, బట్టలుతికి బ్రతికేవారు. ఈ మెరిసే వంటిళ్లలో వారి నీడ కూడా పడదు. చాకిరీ ఎక్కువగా చేసినవారే చాకిరీని గురించిన చిత్రాలలో లేకపోయారు.

ఇంతకూ అమ్మిన తీరిక చేతికి అందిందా? ఈ ప్రశ్నకు పరిశోధకులు సమాధానం చెప్పారు. జోఆన్ వానెక్ అనే సామాజిక శాస్త్రవేత్త 1974లో 'సైంటిఫిక్ అమెరికన్' పత్రికలో ప్రకటించిన పరిశీలన ప్రకారం, ఉద్యోగం చేయని అమెరికా గృహిణి 1924లో వారానికి సుమారు 52 గంటలు ఇంటిపనిలో గడిపేది. యంత్రాలన్నీ వచ్చిన 1960 దశకంలో ఆమె గడిపినది సుమారు 55 గంటలు. నలభై ఏళ్ల విజ్ఞాన ప్రగతికి ఫలితం మూడు గంటల అదనపు పని!

ఇది ఎలా జరిగింది? రూత్ ష్వార్ట్జ్ కోవన్ అనే చరిత్రకారిణి 1983లో 'మోర్ వర్క్ ఫర్ మదర్' అనే గ్రంథంలో కారణాలు వివరించారు. పూర్వం కట్టెలు కొట్టడం మగవారి పని. గ్యాసు పొయ్యి రాగానే ఆ పని పోయింది, వంట మాత్రం మిగిలింది. తివాచీలను ఏడాదికి ఒకటి రెండుసార్లు బయట వేసి దులపడంలో మగవారు, పిల్లలు చేయి కలిపేవారు. దుమ్ము పీల్చే యంత్రం వచ్చాక అది వారం వారం ఇల్లాలు ఒక్కతే చేసే పని అయినది. బట్టలు చాకలికో లాండ్రీకో వేసేవారు. యంత్రం ఇంటికి రాగానే ఆ మూట కూడా ఇంటికే వచ్చింది. పైగా చొక్కా రోజూ మార్చడం మర్యాద అయినది. యంత్రం వలన చేతులకు శ్రమ తగ్గిన మాట వాస్తవం. మిగిలిన పొద్దును మాత్రం కొత్త పనులూ, శుభ్రతను గురించిన కొత్త కొలతలూ ఆక్రమించుకున్నవి. ఇల్లలకగానే పండగ కాదని మనవారు ఊరకే అనలేదు.

ఈ కొలతలు వాటంతట అవే పెరగలేదు. 1963లో వెలువడిన 'ది ఫెమినైన్ మిస్టిక్' గ్రంథంలో బెట్టీ ఫ్రీడన్ ఒక చోటు బయటపెట్టారు. ప్రకటన కంపెనీలకు సలహాలిచ్చే ఒక పరిశోధకుని దగ్గర ఉన్న పత్రాలను ఆమె చదివారు. వాటిలో 1945 నాటి ఒక పరిశీలన ఉన్నది. అది స్త్రీలను మూడు తరగతులుగా విభజించింది. పూర్తిగా ఇంటికే అంకితమైన స్త్రీ కొత్త యంత్రాన్ని అనుమానిస్తుంది. ఉద్యోగం మీద ఆసక్తిగల స్త్రీ సరుకులో తప్పులు పడుతుంది. ఈ ఇద్దరి మధ్య ఉండి, కొంత బయటి లోకం ఎరిగి, ఇల్లు దిద్దుకోవడంలోనే తన ప్రతిభను చూచుకునే మూడవ ఆమె కంపెనీలకు ఆదర్శ ఖాతాదారు. అటువంటివారి సంఖ్య పెంచడమే లాభమని ఆ పత్రం సూచించింది. మన చిత్రాలలో పాటలు పాడే గృహిణి ఎవరో ఇప్పుడు బోధపడుతున్నది. అన్నీ అమర్చిన ఇంట్లో కూర్చున్న ఆ స్త్రీల అశాంతిని ఫ్రీడన్ పేరు లేని సమస్యగా వర్ణించారు. తెలుగు కథాసాహిత్యం ఎరిగినవారికి ఇక్కడ పి. సత్యవతి గారి 'ఇల్లలకగానే' కథ తలపునకు రాక మానదు. ఇంటిని అద్దంలా ఉంచుతూ ఉంచుతూ తన పేరే మరచిపోయిన గృహిణి కథ అది. అక్కడ సమస్యకు పేరు లేదు. ఇక్కడ మనిషికే పేరు మిగలలేదు.

వంటిల్లు ప్రపంచ రాజకీయాలకు సైతం వేదిక అయినది. 1959 జూలై 24న మాస్కోలోని అమెరికా ప్రదర్శనలో, ఒక నమూనా వంటింటి ముందు నిలబడి అమెరికా ఉపాధ్యక్షుడు నిక్సన్, సోవియట్ నాయకుడు క్రుశ్చేవ్ వాదులాడుకున్నారు. గృహిణి బ్రతుకును సుఖవంతం చేస్తున్నామని ఒకరు, స్త్రీల పట్ల మీ పెట్టుబడిదారీ దృష్టి మాకు లేదని మరొకరు అన్నారు. రెండు దేశాలలోనూ ఆ పూట అన్నం వండినది మాత్రం స్త్రీలే.

మన దేశానికి ఈ గాలి కొంత ఆలస్యంగా సోకింది. దూరదర్శన్‌లో వాణిజ్య ప్రకటనలు 1976 జనవరి 1న మొదలైనవి. 1980 దశకంలో సర్ఫ్ ప్రకటనలోని లలితాజీని దేశమంతా ఎరుగును. అమెరికా గృహిణి నర్తించింది. మన గృహిణి బేరమాడింది, లెక్క చూచింది. ఈ భేదం మనకు గర్వకారణమే. ఉతకవలసిన బట్టలు మాత్రం ఇద్దరివీ కావు, ఇంటివి. ఇంటి బట్టల భారాన్ని పంచుకోమని భర్తలకు చెబుతూ 2015లో ఏరియల్ సబ్బుపొడివారు ప్రకటనలు తెచ్చారు. మాట మంచిదే. 1955 నాటి గ్యాసు చిత్రం మింగిన సగం సత్యాన్ని అరవై ఏళ్లకు మరొక వర్తకుడు పలికాడు. అదీ సరుకు అమ్ముకోవడానికే. మాట పలికినంత మాత్రాన పని జరిగిందా? 2019లో జాతీయ గణాంక కార్యాలయం జరిపిన కాలవినియోగ పరిశీలన ప్రకారం, ఆరేళ్లు పైబడినవారిలో జీతం లేని ఇంటిపనిలో పాల్గొన్న స్త్రీలు నూటికి 81 మంది, పురుషులు నూటికి 26 మంది. పాల్గొన్న స్త్రీ రోజుకు 299 నిమిషాలు, పురుషుడు 97 నిమిషాలు వెచ్చించారు. ప్రకటనలు ఏమి చెప్పినా అంకెలు ఇది చెబుతున్నవి.

యంత్రాలు వద్దని మా వాదం కాదు. రోలు ముందు కూర్చుని పిండి రుబ్బిన చేతులనూ, కట్టెల పొగకు ఎర్రబడిన కళ్లనూ ఎరిగినవారెవరూ గ్రైండరునూ గ్యాసు పొయ్యినీ తూలనాడరు. రావలసిన యంత్రాలు ఇంకా రాని ఇళ్లు మన పల్లెలలో లేకపోలేదు. యంత్రం పనిని తేలిక చేయగలదు. ఆ పని ఎవరిది అన్న ప్రశ్నను తీర్చే శక్తి దానికి లేదు. ఆ ప్రశ్న ఇంటివారు కూర్చుని తేల్చుకోవలసినది. అందుకు పైసా ఖర్చు లేదు గనుకనే దానిని గురించి ఎవరూ ప్రకటన వేయరు.

ఉపాధ్యాయులకు ఒక మనవి. నాడు అమెరికా బడులకు రీళ్లు ఉచితంగా వచ్చినట్లే నేడు మన బడులకూ, విద్యార్థుల చేతి ఫోన్లకూ దృశ్యాలు ఉచితంగా వస్తున్నవి. పద్యానికి ప్రతిపదార్థం చెప్పించే మనం ఈ దృశ్యాలకు కూడా అర్థం చెప్పించవలెను. ఒక ప్రకటనను మాటలు వినిపించకుండా తరగతిలో చూపండి. ఏ పని ఎవరి చేతులు చేస్తున్నవో, ఎవరు కూర్చున్నారో, ఎవరు నిలబడ్డారో, ఎవరు అసలే లేరో విద్యార్థుల చేత వ్రాయించండి. దీనికి డబ్బు ఎవరు పెట్టారని అడగండి. ఏ కష్టాన్ని నిజంగా చూపినదో, దానికి ఏ పరిష్కారాన్ని చెప్పకుండా దాటవేసినదో చెప్పమనండి. వ్యాఖ్యానమంటే ఇదే, పుస్తకంలో లేని చోట కూడా దీని అవసరం ఉన్నది.

విద్యార్థులకు మరొక చిన్న పని. ఒక ఆదివారం తెల్లవారినది మొదలు రాత్రి దీపమార్పే వరకు మీ ఇంట్లో ఏ పని ఎవరు ఎంతసేపు చేసినదీ గడియారం చూచి కాగితం మీద వ్రాయండి. అబ్బాయిలు తమ పేరు ఎదుట ఉన్న నిమిషాలను కూడా దాచకుండా కూడవలెను. ఆ కాగితాన్ని ఇంట్లో అందరి ముందూ చదవండి. మీ అమ్మగారికి తీరిక కావలెనని మీకు తోస్తే, దానిని ఏ దుకాణంలోనూ కొనవలసిన పని లేదు. మీ వంతు గిన్నెలు మీరు కడిగితే కొంత అప్పుడే చేతికి వస్తుంది.